సర్కారు సొమ్ము, రికీ లీ కలం

పూర్వపక్షం: నా అభ్యంతరం మొదటే చెప్పేస్తాను, చుట్టూ తిప్పను. ఫిలిప్పీన్స్ సినిమా రచయిత రికీ లీ, అధ్యక్షుడు మార్కోస్ పెట్టిన మార్షల్ లా కింద 1974లో అరెస్టయ్యాడు. ఫోర్ట్ బోనిఫాసియోలో ఏడాది పాటు ఖైదు. ఎనిమిదేళ్ళు తిరిగేసరికి అదే మనిషి రాసిన 'హిమాలా' సినిమాకి డబ్బు పెట్టిందెవరు? 'ఎక్స్‌పెరిమెంటల్ సినిమా ఆఫ్ ది ఫిలిప్పీన్స్' అనే సర్కారు సంస్థ. మార్కోస్ ఉత్తర్వుతో పుట్టింది, ఆయన పెద్దకూతురు ఇమీ నడిపింది. ఫిలిప్పీన్స్ సినిమా రచయితల్లో లీ అంత పేరున్నవాళ్ళు లేరంటే ఒప్పుకుంటాను. ఆ పేరులో పెద్ద వాటా ఎవరి సొమ్ముతో వచ్చిందో కూడా చెప్పుకోవాలి కదా అంటున్నాను.

ఉత్తరపక్షం: చెప్పుకుందాం. ఆ కథ పట్టుకుని మామూలు నిర్మాత దగ్గరికి వెళ్తే ఏమయ్యేదో కూడా చెప్పుకుందాం. వానల్లేని పల్లె. పాటల్లేవు, ప్రేమజంట లేదు. నోరా అవునోర్ అంటే అక్కడ జనం వెర్రెత్తిపోయే తార, ఆమె మొహాన నవ్వు కనబడేది తక్కువ. ఆఖర్న ఆమెని కాల్చి చంపేస్తారు. అప్పు తెచ్చి సినిమా తీసే నిర్మాత ఎవడు ముట్టుకుంటాడు దీన్ని? ఆ సంస్థ స్క్రిప్టుల పోటీ పెట్టింది, లీ స్క్రిప్టు నెగ్గింది. ముప్ఫై లక్షల పెసోలతో ఇష్మాయెల్ బెర్నాల్ తీశాడు. ఎవరి గుమ్మంలోనూ చేతులు కట్టుకుని నిలబడి తెచ్చుకున్న అవకాశం కాదది.

పూర్వపక్షం: నెగ్గినవాడి సంగతి సరే, పోటీ పెట్టినవాడి అవసరం ఏమిటి? 1981 జనవరిలో మార్షల్ లా ఎత్తేశామని కాగితం మీద ప్రకటించారు. ఇక లోకానికి కొత్త మొహం చూపించాలి. మనీలాలో ఫిల్మ్ సెంటర్ కట్టడం మొదలెట్టారు. అంతర్జాతీయ చిత్రోత్సవం ముంచుకొస్తోందని రాత్రింబవళ్ళు పని చేయించారు. ఆ నవంబరు 17న పరంజా కూలి, పనివాళ్ళు తడి సిమెంటులో కూరుకుపోయారు. ఎంతమంది పోయారన్నది ఈనాటికీ తేలని లెక్క. చిత్రోత్సవం మాత్రం జనవరిలో జరిగిపోయింది. ఈ సంస్థ పుట్టింది ఆ 1982లోనే. తర్వాతి ఏడు 'హిమాలా' బెర్లిన్‌లో పోటీకి వెళ్ళింది. మా దేశంలో కళాకారుడికి ఎంత స్వేచ్ఛ ఉందో చూడండని చెప్పుకోడానికి ఏలినవారికి అంతకన్నా ఏం కావాలి? ఇంకోటి గమనించారా? తెరమీద మనం చూసే ఆ ఎండిపోయిన దిబ్బలు ఇలోకోస్ నోర్తేలోని పవోయ్‌వి. అది మార్కోస్ సొంత ప్రావిన్సు.

ఉత్తరపక్షం: వాళ్ళు వాడుకున్నారు, కాదనను. వాడుకోనివ్వకుండా సినిమా తియ్యడం ఆ దేశంలో ఆ ఏడాది ఎవరి తరం? కాని వాడుకున్నవాళ్ళ చేతికి వచ్చిన సరుకేమిటో చూడండి. కూపాంగ్ అనే కరువు పల్లె. గ్రహణం పట్టిన రోజు గుట్టమీద ఎల్సాకి, అంటే నోరా పాత్రకి, మరియమాత కనిపించిందంటారు. చెయ్యి తగిలితే రోగాలు నయమవుతున్నాయంటారు. ఇక చూడండి తిరనాళ్ళ సంత: తాయెత్తులూ విగ్రహాలూ సీసాల్లో నీళ్ళూ అమ్మే దుకాణాలు, మనీలా నుంచి తిరిగొచ్చిన నిమియా పెట్టిన కాబరే, యాత్రికుల బసలు. కలరా వచ్చి పిల్లలు చనిపోతే జనం మొహం చాటేస్తారు. ఎల్సా కడుపుతో ఉందని తెలిసేసరికి, వానా పడేసరికి మళ్ళీ మహిమే అంటారు. అప్పుడామె గుట్టెక్కి, మహిమేమీ జరగలేదు, ఉన్నదంతా మన మనసుల్లోనేనని వేలమంది ఎదుట చెబుతుంది. జనంలోంచి ఎవడో పేలుస్తాడు. నన్ను నమ్మండి, నేనే దిక్కు అంటూ ఇరవై ఏళ్ళ దాకా దేశాన్నేలిన మనిషి సొమ్ముతో ఆ మాట పలికించాడండీ లీ. ఇంతకంటే ఏం చెయ్యమంటారు?

పూర్వపక్షం: ఆ అన్వయం మనం చేసుకుంటున్నది. సినిమాలో నియంత ఎక్కడున్నాడు? సైనికుడున్నాడా? కూపాంగ్‌లో నీళ్ళెందుకు లేవు, కలరాకి మందెందుకు లేదు, నిమియా లాంటివాళ్ళు ఒళ్ళమ్ముకోడానికి మనీలా ఎందుకు పోతున్నారు అని ఎవరైనా అడిగారా? ఎవరూ అడగరు. ఎల్సా నిజం చెప్పగానే ఆమెని చంపేది జనంలో ఒకడు. శవం చల్లారకముందే మళ్ళీ ప్రార్థన ఎత్తుకునేదీ జనమే. అంటే తప్పెవరిదని తేలింది? బీదవాళ్ళది, వాళ్ళ మూఢనమ్మకానిది. సర్కారుకి ఇందులో నొప్పి ఏముంది చెప్పండి? మా జనం ఇంతే, వీళ్ళని గట్టి చేతులే ఏలాలి అనుకునే పాలకుడికి ఈ సినిమా తీయగానే ఉంటుంది. ఇది నా అభియోగంలో అసలు ముక్క. డబ్బు సంగతి దీని తర్వాతే.

ఉత్తరపక్షం: ఇది నిజంగా ఆలోచించాల్సిన మాట, తోసిపుచ్చను. అయితే మీరు జనాన్ని చూస్తున్నారు. నేను ఓర్లీని చూస్తాను. గుర్తున్నాడా? డాక్యుమెంటరీ తియ్యడానికి మనీలా నుంచి కెమెరా పట్టుకొచ్చినవాడు. చదువుకున్నవాడు, నమ్మకం లేనివాడు, మనలాంటివాడు. ఒకరోజు మత్తులో ఉన్న కుర్రాళ్ళు ఎల్సానీ ఆమె స్నేహితురాలు చాయోంగ్‌నీ చెరుస్తారు. ఓర్లీ అడ్డుపడడు, చిత్రీకరిస్తాడు. నోరు విప్పడు. ఎల్సా గర్భం దేవుడి పని కాదని ఊళ్ళో తెలిసిన పరాయివాడు వాడొక్కడే. చాయోంగ్ ఉరేసుకుంటుంది. వాడు వెళ్ళి పాదరీ దగ్గర ఒప్పుకుంటాడు. ఆఖర్న ఎల్సా తుపాకి దెబ్బకి పడిపోతుంటే మళ్ళీ వాడి కెమెరా నడుస్తూనే ఉంటుంది. ఆ సినిమాలో మూఢనమ్మకం లేని మనిషే అందరికన్నా తెలిసి తప్పు చేసినవాడు. లీ బీదవాళ్ళమీద నెపం నెట్టి తను పక్కకి తప్పుకున్నాడని ఎలా అంటారు? తన కులవృత్తినే బోనులో నిలబెట్టాడు.

పూర్వపక్షం: ఓర్లీ విషయంలో మీరు చెప్పింది బలంగానే ఉంది. అంత దూరం నేను ఆలోచించలేదనను, అంత బరువు ఇవ్వలేదు. కాని ఒప్పుకోలు చౌకలో అయిపోయే పనే కదా. ఓర్లీ పాదరీకి చెప్పుకుని మళ్ళీ కెమెరా ఎత్తాడు, అది మీరే అన్నారు. లీ కూడా అంతే చేశాడంటే? ఈయన కెరీరంతా చూడండి. యూనివర్సిటీ రోజుల్లోనే కథకి వరసగా రెండేళ్ళు పలాంకా సాహిత్య పోటీలో మొదటి బహుమతి. వామపక్ష రచయితల బృందంలో సభ్యత్వం. 'ఫ్రీ ప్రెస్' లాంటి పత్రికల్లో రిపోర్టింగు. ఆ కథకుడు ఏమయ్యాడు? 1973 నుంచి 150కి పైగా సినిమాలు రాశాడంటారు. మొదటి నవల 'పారా కాయ్ బీ' వచ్చింది 2008లో, అరవయ్యో ఏట! మధ్యలో పోయిన కాలం ఎక్కడిది? సినిమాల పద్దులో జమ అయింది. సినిమాలో అన్నీ 'హిమాలా'లేం కావుగా. నూటికి ఎన్ని గుర్తుంటాయి?

ఉత్తరపక్షం: సినిమాకి రాయడమంటే సాహిత్యంలోంచి జారిపడటమని మీరు ముందే ఖాయం చేసుకున్నారు, చిక్కంతా అక్కడుంది. 'జాగ్వార్' సంగతి తీసుకోండి. 1979. జోసె లకాబాతో కలిసి లీ రాసిన స్క్రిప్టు. లకాబా కూడా మార్షల్ లా ఖైదు చూసినవాడే. లీనో బ్రోకా దర్శకుడు. నిక్ వాకీన్ రాసిన పత్రికా కథనం దానికి మూలం. యజమాని స్నేహాన్ని నమ్మి, వాడి కొట్లాటల్లో తలదూర్చి, చివరికి హత్య చేసి ఒంటరిగా చిక్కుకున్న ఒక సెక్యూరిటీ గార్డు కథ. కాన్ పోటీకి ఎంపికైన తొలి ఫిలిప్పీన్స్ సినిమా అది, 1980లో. దాన్ని కథగా రాసి పత్రికకిస్తే చదివేవాళ్ళు వేలల్లో ఉండేవారు. ఆ గార్డులాంటివాళ్ళు ఒక్కరూ చదివేవాళ్ళు కారు. సినిమాగా వస్తే టిక్కెట్టు కొని చూశారు. తనని ఖైదు చేసిన రాజ్యం ఇంకా నడుస్తుండగానే ఆ పని చేశాడు.

పూర్వపక్షం: 'జాగ్వార్' మీద నాకు పేచీ లేదు. దానికి సర్కారు సొమ్ము లేదు కాబట్టి అది మీ వాదనకి సాయం కూడా చెయ్యదు. సర్కారు సంచీ విప్పకుండానే మంచి సినిమా రాయొచ్చని అదే రుజువు చేస్తోంది! ఇక జనం కోసమన్నారు కనక 1995 చూద్దాం. సింగపూర్‌లో ఇంటిపనికి వెళ్ళిన ఫ్లోర్ కాంటెంప్లాసియోన్‌ని ఆ మార్చి 17న ఉరితీశారు. దేశం అట్టుడికిపోయింది. ఆ ఏడాదే సినిమా వచ్చేసింది, నోరా అవునోరే ఫ్లోర్. రాసినవాళ్ళలో లీ ఒకడు. ఆమె పిల్లల ఏడుపింకా ఆగలేదు, టిక్కెట్లు తెగుతున్నాయి. దీన్నేమందాం? ఓర్లీ కెమెరా కాదా అది?

ఉత్తరపక్షం: కావొచ్చు. ఆ తొందర నాకూ ముల్లులా గుచ్చుకుంటుంది. కైరోలో దానికి గోల్డెన్ పిరమిడ్ వచ్చిందని ఇక్కడ అడ్డం పెట్టను, బహుమతి వచ్చిందని తొందర ఒప్పైపోదు. కాని వలసపోయిన ఆడవాళ్ళని లీ ఆ ఒక్క వేడిలో వాడుకుని వదిలెయ్యలేదు. 2000లో 'అనాక్' వచ్చింది. హాంగ్‌కాంగ్‌లో ఏళ్ళ తరబడి పనిచేసి ఇంటికి తిరిగొచ్చిన తల్లి. పంపిన డబ్బుతో పెరిగిన కూతురు ఆమెని తల్లిగా ఒప్పుకోదు. ఉరికంబం లేదు, అన్యాయం చేసిన పరాయి దేశం లేదు. భోజనాల బల్ల దగ్గర తల్లీకూతుళ్ళ మాటలే. కడప నుంచీ గోదావరి జిల్లాల నుంచీ కువైట్ వెళ్ళిన ఆడవాళ్ళ పిల్లల్ని అడిగి చూడండి. అక్కడి ఇళ్ళలో వాళ్ళమ్మలు పనిచేసింది ఫిలిప్పీన్స్ ఆడవాళ్ళ పక్కనే. ఈ కథ వాళ్ళకి ఎవరూ విప్పి చెప్పక్కర్లేదు. వాణిజ్య సినిమా, పెద్ద స్టూడియో, విల్మా సాంటోస్ లాంటి తార, కన్నీళ్ళు, అన్నీ ఉన్నాయి. ఆ కన్నీళ్ళు అబద్ధమని మాత్రం అనలేరు.

పూర్వపక్షం: అననులెండి. నాకు మరో సందేహం. వీటిలో దేన్ని మనం లీది అనాలి? 'హిమాలా' చూసినవాడికి గుర్తుండేది నోరా కళ్ళు. ఆ దుమ్మూ, దూరం నుంచి చూపించే జనమూ బెర్నాల్‌వి. 'జాగ్వార్' బ్రోకాది. మన దగ్గరైతే కథ ఒకరిదనీ మాటలు ఇంకొకరివనీ టైటిల్స్‌లో విడివిడిగా వేస్తాం. అయినా జనం హీరో సినిమా అనే అంటారు. ఈయన స్క్రిప్టుల్లో ఎన్నిట్లో సహరచయితలున్నారు! 'జోసె రిజాల్' సినిమాకి ఆయన కాక ఇద్దరున్నారు. ఇంతమంది చేతులు పడ్డ దాన్ని ఒకరి కెరీరని ఎలా లెక్కగడతాం? గొప్పకి ఆయన హక్కుదారుడు కాకపోతే తప్పుకీ కాడు, నా అభియోగం కూడా వీగిపోతుందనుకోండి.

ఉత్తరపక్షం: వీగిపోనివ్వను, ఉండండి. దర్శకులు మారినా మారనిదొకటి ఉంది. 1980లో మారిలూ డియాజ్-అబాయా తీసిన 'బ్రుతాల్' లీ రాసిందే. మోనికా భర్తని చంపి మౌనంగా కూర్చుంటుంది, పెదవి విప్పదు. ఆమె కథ రాబట్టాలని ఒక జర్నలిస్టు తిరుగుతుంది, ఈ స్నేహితురాలినీ ఆ తల్లినీ అడుగుతుంది. రెండేళ్ళకి బెర్నాల్ దగ్గర ఓర్లీ. దెబ్బతిన్న మనిషి ఒకవైపు, ఆమెని నమోదు చేసుకునేవాడు ఇంకోవైపు. ఇద్దరు దర్శకులు, ఇద్దరు తారలు, కాని ఆ కూర్పు ఒక్కటే. అది లీది. రిపోర్టరుగా తిరిగిన మనిషి, ఇంకొకరి బాధని కథ చేసుకుని బతికే మనిషి, ఆ బతుకు మీద తనకున్న అనుమానాన్ని కథలోనే పెడుతూ వచ్చాడు. మీరు ఇవాళ వేస్తున్న ప్రశ్నని ఆయన నలభై ఏళ్ళ కిందట తనకి వేసుకున్నాడు.

పూర్వపక్షం: వేసుకుని?

ఉత్తరపక్షం: వేసుకుని రాస్తూ పోయాడు. ఒకరి చేతికి అందని పని కాబట్టి పదిమందికి నేర్పాడు. 1982 నుంచి తన ఇంట్లోనే ఉచితంగా వర్క్‌షాపులు నడుపుతున్నాడు. పైసా తీసుకోడు. ఆయన తల్లి చిన్నప్పుడే పోయింది, కమరీనెస్ నోర్తేలోని దాయెత్‌లో బంధువుల ఇంట పెరిగి మనీలాకి పారిపోయి వచ్చాడు. యూనివర్సిటీ చదువు పూర్తి కాలేదు. ఫీజు కట్టలేనివాడి సంగతి ఆయనకి ఒకరు చెప్పాలా? 1998లో వేసిన స్క్రిప్టు రచన పుస్తకానికి 'ట్రిప్ టు కియాపో' అని పేరు పెట్టాడు. కియాపో మనీలాలో నల్ల క్రీస్తు గుడి ఉన్న పేట. అక్కడికి జీపునీలో పోవచ్చు, నడిచి పోవచ్చు, సందుల్లో తప్పిపోయీ చేరొచ్చు. స్క్రిప్టు కూడా అంతే అంటాడు. ఈ దారే దారి అని శాసించే గురువు కాదు.

పూర్వపక్షం: వర్క్‌షాపుకి చెయ్యెత్తి దణ్ణం పెడతాను, అందులో రెండో మాట లేదు. ఆ ఒక్క పని కోసమైనా ఆయన పేరు నిలవాలి. మరి 2022 మాటేమిటి? ఆ జూన్‌లో నేషనల్ ఆర్టిస్ట్ బిరుదు ఇచ్చారు. అదే జాబితాలో నోరా అవునోర్ ఉంది, చనిపోయిన డియాజ్-అబాయా ఉంది. సంతోషం. సంతకం ఎవరిది? డ్యుటెర్టేది. మాదకద్రవ్యాల మీద యుద్ధమని బీదపేటల్లో వేలమందిని చంపించిన అధ్యక్షుడు. ఆ నెల ఆఖరుకి గద్దెనెక్కింది ఎవరు? మార్కోస్ కొడుకు. ఇంకో ముక్క. నేషనల్ ఆర్టిస్టులకి వీరుల శ్మశానంలో సమాధి హక్కు. నోరాని 2025లో అక్కడే పెట్టారు. పెద్ద మార్కోస్‌ని 2016లో తెచ్చి పాతిందీ అక్కడే. ఆ శ్మశానం ఉన్నదెక్కడో తెలుసా? ఫోర్ట్ బోనిఫాసియోలో. లీని ఖైదు చేసింది ఆ పేరుగల దండులోనే.

ఉత్తరపక్షం: తెలుసు. దానికి నా దగ్గర మంచి జవాబు లేదు. ఉన్నదల్లా ఒక ఉదాహరణ. కవి బియెన్‌వెనీదో లుంబేరా కూడా 1974లోనే ఖైదయ్యాడు, 2006లో అదే బిరుదు తీసుకున్నాడు. తీసుకుని ఊరుకోలేదు, ఏలికల్ని విమర్శించడం మానలేదు. ఎంపిక చేసేవి సాంస్కృతిక సంస్థలు, అధ్యక్షుడు ప్రకటిస్తాడు. వద్దంటే లీకి మంచి పేరొచ్చేది, నిజమే. కాని సినిమా స్క్రిప్టు రాసే మనిషిని కవుల పక్కన, చిత్రకారుల పక్కన కూర్చోబెట్టిన రోజు అది. ఆ కుర్చీ ఖాళీగా వదిలెయ్యమని ఆయన దగ్గర నేర్చుకున్న కుర్రవాళ్ళతో అనగలరా?

పూర్వపక్షం: వాళ్ళతో అనలేను. ఆయనతో అంటాను. మీరు ఇందాకటి నుంచీ 'హిమాలా' మార్కోస్ మొహం మీద కొట్టిన దెబ్బ అంటున్నారు. నలభై ఏళ్ళుగా ఆ సినిమాని తరాలకి తరాలు చూశాయి. 2008లో సీఎన్ఎన్ ఓటింగులో ఆసియా పసిఫిక్ సినిమాలన్నిట్లో దానికే మొదటి స్థానం ఇచ్చారు. 2012లో ప్రింటు బాగుచేసి వెనిస్‌లో వేశారు. గుట్టమీద ఎల్సా మాటల్ని టీవీ కామెడీల్లో కూడా అనుకరిస్తుంటారు. అంత తెలిసిన దేశం 2022లో మూడు కోట్ల పైచిలుకు ఓట్లేసి ఆ ఇంటినే మళ్ళీ గద్దెనెక్కించింది. ఆ దెబ్బ ఎక్కడ తగిలింది?

ఉత్తరపక్షం: ఎన్నికలకి సినిమా జవాబుదారీ కాదండీ.

పూర్వపక్షం: కాదు. అయితే నియంతని ఎదిరించిందన్న ఘనత కూడా దాని ఖాతాలో వెయ్యకండి. ఒకటి రాస్తే రెండోదీ రాయాలి.

ఉత్తరపక్షం: సరే, ఆ ఘనత వదిలేస్తాను. నిజానికి అది లీ కోరుకున్నది కాదు, ఆయన్ని మెచ్చుకునే మాబోటివాళ్ళం తగిలించింది. అది తీసేశాక కూడా ఎల్సా గుట్టమీదే ఉంది, ఓర్లీ కెమెరా వెనకే ఉన్నాడు. ఇప్పుడు మీరు చెప్పండి. 1982లో ఆ స్క్రిప్టు తెరకెక్కడానికి ఆ సొమ్ము తప్ప మరోటి దొరికేదని మీకు నమ్మకముందా?

పూర్వపక్షం: లేదు. ఆ సినిమా లేకపోయినా పర్వాలేదనే ధైర్యం కూడా నాకు లేదు, నేనూ రెండుసార్లు చూశాను. కాని సినిమా గొప్పది కాబట్టి సొమ్ము సంగతి అడగొద్దంటే ఒప్పుకోను.

ఉత్తరపక్షం: అడగొద్దని నేననలేదు. ఆ సొమ్ము మార్కోస్ ఇంట్లోది కాదు, జనం కట్టిన పన్ను అని మాత్రం అంటాను. జనం సొమ్ము ఒక్కసారైనా జనం కథకి ఖర్చయింది.

పూర్వపక్షం: ఆ సంవత్సరం కూపాంగ్ లాంటి ఊళ్ళ వాళ్ళని ఆ ముప్ఫై లక్షలు ఏం చెయ్యమంటారని అడిగి ఉంటే, సినిమా తియ్యమనేవారా?

ఉత్తరపక్షం: బావి తవ్వించమనేవారు. తవ్వించేవాళ్ళు మాత్రం కాదు ఆ సర్కారువాళ్ళు.

పూర్వపక్షం: అది మనకి తెలుసు. ఆ బావి మాట సినిమాలో ఎవరి నోటా పలికించలేదనే నా ఫిర్యాదు. అక్కడికి మళ్ళీ వస్తున్నాను.

ఉత్తరపక్షం: రండి. ఈసారి ఓర్లీని పక్కన పెట్టి, నిమియా దగ్గర మొదలెడదాం. ఊరు వదిలి పోయిందీ, తిరిగొచ్చిందీ ఆమె. నీళ్ళెందుకు లేవో ఆమెని ఎవరూ అడగలేదంటే, అది లీ మరిచిపోయినందుకా, లేక అడగాల్సింది మనమేనని వదిలిపెట్టినందుకా?